అరబ్బులు రాకముందు ఆఫ్రికాలో రాజ్యాలే లేవా?

బెజవాడ చదువరి:
గ్రూప్స్‌కి ప్రిపేర్ అవుతున్నాను, బెంజ్ సర్కిల్ దగ్గర రూమ్. నిన్న రాత్రి పెద్ద వాదన అయింది. అరబ్బులు వచ్చేదాకా ఆఫ్రికాలో రాజ్యాలే లేవని, ఇస్లాం అంతటా కత్తితోనే వెళ్లిందని మా రూమ్మేట్ అంటాడు. నాకు పిరమిడ్లు తప్ప ఇంకేం గుర్తు రాలేదు. తెలిసినవాళ్లు కాస్త వివరంగా చెప్పండి.

కొత్తపేట టీచర్, గుంటూరు:
తప్పు తమ్ముడూ, పూర్తిగా తప్పు. ఇప్పటి సూడాన్‌లోని కుష్ రాజులు క్రీ.పూ. 8వ శతాబ్దంలో ఈజిప్టునే గెలిచి ఏలారు. ఇథియోపియా వైపు అక్సుం సొంతంగా బంగారు నాణేలు వేసింది, దాని రాజు ఎజానా 4వ శతాబ్దంలోనే క్రైస్తవం తీసుకున్నాడు. కత్తి మాట ఈజిప్టుకి వర్తిస్తుంది, 639లో అమ్ర్ ఇబ్న్ అల్ ఆస్ సైన్యంతో వచ్చాడు. కానీ రాజ్యం పోయినంత త్వరగా జనం మతం మారలేదు, దానికి కొన్ని శతాబ్దాలు పట్టింది. ఇక అదే సైన్యం దక్షిణంగా, ఇప్పటి సూడాన్ ఉత్తర భాగంలో ఉన్న నూబియా మీదికి వెళ్తే అక్కడి విలుకాళ్లు నిలబెట్టేశారు, చివరికి 652లో బక్త్ అనే ఒప్పందం చేసుకోవాల్సి వచ్చింది.

లాలాపేట వాసి:
ఇంకొకటి కలపండి సార్. మదీనాకు వలస వెళ్లకముందే, 615 ప్రాంతంలో, మక్కాలో వేధింపులు తట్టుకోలేని ముస్లింలు ఎర్రసముద్రం దాటి వెళ్లింది అక్సుంకే. వాళ్లకు ఆశ్రయమిచ్చిన నజాషీ, అంటే అక్సుం రాజు, క్రైస్తవుడు. మా దాదీ ఈ కథ చెప్పినప్పుడల్లా కళ్లు తుడుచుకునేది. అంటే ఆఫ్రికాలో ఇస్లాం మొదటి అడుగు శరణు కోరి వేసిందే.

మిర్చి యార్డు మనిషి:
పశ్చిమాన సంగతి వేరు, అక్కడ దారి చూపింది వ్యాపారం. ఉత్తరం నుంచి ఒంటెల మీద సహారా దాటి ఉప్పు వచ్చేది, దక్షిణం నుంచి బంగారం వెళ్లేది. పాత ఘనా రాజ్యం (ఇప్పటి ఘనా దేశం కాదు, దానికి ఉత్తరాన ఉండేది) రాజధాని గురించి స్పెయిన్‌లో ఉండే అరబ్బు భూగోళ రచయిత అల్ బక్రీ 1068లో రాశాడు, తను వెళ్లకపోయినా వెళ్లొచ్చినవాళ్లను అడిగి రాశాడు: రెండు ఊళ్లు, ఒకదాంట్లో పన్నెండు మసీదులు, రెండోదాంట్లో తన పాత మతంలోనే ఉన్న రాజు, ఆయన కొలువులో ముస్లిం కోశాధికారి. నాకిది బాగా అర్థమవుతుంది, ఎందుకంటే ముఖం చూడని పార్టీకి సరుకు అరువు పంపాలంటే ఎంత నమ్మకం కావాలో యార్డులో రోజూ చూస్తాను. రెండు వైపులా ఒకే ధర్మం, ఒకే లిపి, ఒకే రకం లెక్కలు ఉంటే ఆ నమ్మకం సులువవుతుంది. తూర్పు తీరంలో కిల్వా లాంటి రేవుల్లో కూడా ఇదే జరిగింది. మాలి రాజు మాన్సా మూసా 1324లో హజ్‌కు వెళ్తూ కైరోలో పంచిన బంగారానికి అక్కడ బంగారం ధరే పడిపోయిందంటే, ఆ సంపద ఎవరో తెచ్చిపెట్టింది కాదు, వాళ్ల నేలదే.

బెజవాడ చదువరి:
చాలా థాంక్స్ అండీ, రాత్రికి వాడితో ఇది చదివిస్తాను. నూబియా తర్వాత ఏమైంది టీచర్ గారూ?

కొత్తపేట టీచర్, గుంటూరు:
ఆరు వందల ఏళ్లకు పైగా క్రైస్తవ రాజ్యంగానే నిలిచింది. దాని రాజధాని దొంగోలాలో రాజు కొలువుదీరిన మేడను 1317లో మసీదు చేశారు. ఆ కట్టడం ఇప్పటికీ ఉంది.