వృకోదరుడు: తోడేలుకి అంత పొట్ట ఎక్కడిది?

టీకాకారిణి: గీత మొదటి అధ్యాయం 15వ శ్లోకం, "పౌండ్రం దధ్మౌ మహాశంఖం భీమకర్మా వృకోదరః". వృకోదరుడంటే భీముడు; వృకం అంటే తోడేలు, ఉదరం అంటే పొట్ట. పిల్లల పుస్తకానికి టీక రాయాలి. "తోడేలు పొట్టవంటి పొట్ట గలవాడు" అని రాస్తే బానపొట్ట అనుకుంటారు. బొమ్మల్లో తోడేలుకి డొక్క లోపలికి పీక్కుపోయి కనిపిస్తుంది. పోలిక ఎలా కుదిరిందంటారు?

పచ్చికబయలు: ఆకారంలో వెతికితే కుదరదండీ, ఎంత పడుతుందో చూడాలి. ఉత్తర అమెరికాలోని పెద్ద తోడేలు దొరికిన పూట 9 కిలోల దాకా మాంసం మింగేస్తుంది. 40 కిలోల జంతువనుకుంటే ఒళ్లు బరువులో అయిదో వంతు పైమాటే. మన మైదానాల తోడేలు బాగా చిన్నది, 20 కిలోలు అటూ ఇటూ. అదే లెక్క వేస్తే దానికి నాలుగు కిలోలు. నమిలి తినదు: దవడ పక్కల కత్తెరలాంటి పళ్లతో కోసి ముద్దలుగా మింగుతుంది. పొట్ట ఒకటే గది, గోడలు బాగా సాగుతాయి. తర్వాత వేట తప్పితే రోజుల తరబడి పస్తే. మీరు బొమ్మలో చూసిన డొక్క ఆ పస్తు నాటిది.

పాతకోశం: ఏకచక్రపురంలో కుంతి భిక్షాన్నాన్ని రెండు భాగాలు చేసి, ఒకటి భీముడికే పెట్టి, రెండోది తనూ మిగతా నలుగురూ పంచుకునేది కదా. ఆ సగం భాగం పక్కన పెట్టి చదివితే పేరు తేలిగ్గా అర్థమవుతుంది. "వృక" అనేది కడుపులోని ఒక అగ్ని పేరనీ, అది ఉదరంలో ఉన్నవాడనీ మరో వ్యుత్పత్తి చెబుతారు. టీకలో రెండూ ఇవ్వండి. నాకు మాత్రం తోడేలే ముచ్చటగా ఉంది.

టీకాకారిణి: పిల్లలకి ఆసక్తిగా ఉంటుందని ఇంకో వాక్యం కలిపాను: "తోడేలు తిన్నది నెమరువేసి పిల్లలకు పెడుతుంది". సరేనా?

పచ్చికబయలు: "నెమరు" తీసేయండి. నెమరువేసేది ఆవు, గొర్రె, జింక. వాటి పొట్టకి నాలుగు గదులు, మేత వెనక్కి వచ్చేది తమ నోట్లోకే, మళ్లీ నమిలి తామే మింగుతాయి. తోడేలు వేట దగ్గర మింగి, పొట్టనే సంచీగా చేసుకుని బొరియ దాకా నడిచి వస్తుంది. కూనలు మూతి మూలలు నాకుతూ పొడుస్తాయి, అప్పుడు కక్కుతుంది. "కక్కి పెడుతుంది" చాలు. "వాంతి" అంటే జబ్బు అనుకుంటారు, "వెళ్లగక్కు" ఇప్పుడు కోపానికి అంకితమైపోయింది. కూనలు కళ్లు తెరిచేది రెండు వారాలకి, ఈ మాంసం మొదలయ్యేది మూడో వారం దాటాక. తల్లే కాదు, తండ్రీ, ముందు ఈతల అన్నలూ అక్కలూ కూడా కక్కి పెడతారు. పెంపుడు కుక్క మనం ఇంటికి రాగానే మూతి నాకడం ఈ అలవాటు నుంచి వచ్చిందే.

పాతకోశం: అందుకే "తోడేళ్ల మంద" అని కూడా రాయకండి. మంద మేసేవాటికి. ఇక్కడ ఉండేది అమ్మా నాన్నా, వాళ్ల పిల్లలు. "గుంపు" చాలు, "కుటుంబం" అన్నా తప్పులేదు. ఈమధ్య ప్రతివాడూ గుంపుకి పెత్తందారు తోడేలని "ఆల్ఫా" అంటున్నాడు. ఆ మాట 1947లో షెంకెల్ అనే శాస్త్రవేత్త బందీ తోడేళ్లను గమనించి రాసిన వ్యాసంతో పాతుకుంది. తర్వాత కెనడా ఉత్తరాన ఎల్స్‌మీర్ దీవిలో స్వేచ్ఛగా తిరిగే తోడేళ్లను వేసవుల తరబడి చూసిన శాస్త్రవేత్త డేవిడ్ మెక్, 1999లో, గుంపులో ఆ పెత్తనం చేసేవి ఎక్కువగా కన్నవాళ్లేనని రాశాడు.

టీకాకారిణి: బొమ్మకి ఎర్రటి జంతువు దొరికింది, కింద "అడవికుక్క" అని ఉంది. వాడొచ్చా?

పచ్చికబయలు: వద్దు. అది రేచుకుక్క. ఒళ్లు ఇటుకరంగు, తోక నల్లగా గుబురుగా, చెవుల కొసలు గుండ్రంగా ఉంటాయి. నోట్లో 40 పళ్లు, తోడేలుకి 42. తోడేలు బూడిద కలిసిన మట్టిరంగు, కాళ్లు పొడుగు, చెవులు కోసుగా. చోటూ వేరే: రేచుకుక్కది నల్లమల లాంటి అడవి, తోడేలుది రోళ్లపాడు లాంటి గడ్డిమైదానం, గొర్రెల మందలు తిరిగే మెట్టభూములు. వీపు వెనక్కి వాలి, ఒంటి మీద చారలుంటే అది దుమ్ములగొండి (హైనా), అసలు కుక్కజాతే కాదు.

పాతకోశం: ఈ గందరగోళం మనకొక్కళ్లకే కాదులెండి. తమిళంలో "సెన్నాయ్" అంటే రేచుకుక్క, ఎర్ర కుక్క అని అర్థం. అదే మాట మలయాళంలో "చెన్నాయ" అయి తోడేలుకి చెల్లుతోంది. తమిళ తోడేలు "ఓనాయ్". కన్నడంలో "తోళ", మన తోడేలుకి చుట్టం. కాబట్టి "తోడు + ఏలు" అని విడదీసే ఉత్సాహవంతుల మాట టీకలోకి రానివ్వకండి.

టీకాకారిణి: సరే, ఇలా మార్చాను: "వృకోదరుడు: తోడేలులా ఒక్కసారే చాలా తిని అరిగించుకోగలవాడు, కడుపులో వృకమనే అగ్ని గలవాడని మరో అర్థం." కక్కి పెట్టే సంగతి బొమ్మ కింద వేస్తాను.

పచ్చికబయలు: బాగుంది. బొమ్మలో కూనలు మూతి నాకుతుండాలి, కాళ్ల దగ్గర కూర్చుని ఉండకూడదు.