‘వెల్మ్‌డ్ వన్’: ఉపసర్గ తీసేస్తే మిగిలేదేమిటి?

అరసున్న:
అమెరికన్ ఫుట్‌బాల్ జట్టు గ్రీన్ బే ప్యాకర్స్ 1958 సీజన్ మీద క్రీడా రచయిత రెడ్ స్మిత్ విసిరిన మాట నిన్నటి నుంచి బుర్రలో తిరుగుతోంది: ‘ఓవర్‌వెల్మ్‌డ్ వన్, అండర్‌వెల్మ్‌డ్ టెన్, వెల్మ్‌డ్ వన్’. ఓవర్‌వెల్మ్ అంటే ముంచెత్తడం, మిగతా రెండూ దాని మీద ఆట. స్కూటర్ మెక్లీన్ హెడ్ కోచ్‌గా ఉన్న ఒకే ఒక్క ఏడు. ఒక గెలుపు, పది ఓటములు, ఒక టై. ఓవర్ ముందా, అండర్ ముందా? ఆ చివరి వెల్మ్‌కి తెలుగులో ఏం వేస్తారు?

బండిర:
నేను చదివిన చోట అండర్ ముందు. రెండు వరసలూ చలామణిలో ఉన్నాయి. ఏదైనా వట్టి వెల్మ్ చివర్లో పడాల్సిందే, లేకపోతే జోకు పేలదు. నా పాఠం: ‘ఒకచోట ప్రభవం, పదిచోట్ల పరాభవం, ఒకచోట వట్టి భవం.’ ఉపసర్గ మారితే ధాతువు అర్థమే మారిపోతుందనే ‘ప్రహారాహారసంహార’ శ్లోకం ఎవరూ ఎత్తకండి, అందరికీ వచ్చు.

ద్రుతం:
బండిర గారూ, ప్రభవం అంటే పుట్టుక. గెలుపు ఎప్పుడైంది? చప్పుడు కుదిరింది కదా అని అర్థాన్ని గాలికొదిలేస్తే ఎలాగండీ. పైగా అండర్‌వెల్మ్ అంటే ఓడిపోవడం కాదు, ఎదుటివాడికి ఆనకపోవడం. ‘పదిమంది కంటికి ఆనలేదు’ అంటే సరిపోతుంది.

బండిర:
ఆనలేదు బాగుంది. మరి ఓవర్? ‘మించి ఆనారు’ అంటారా? ఆటంతా ఉపసర్గతో అయినప్పుడు ఉపసర్గ లేని క్రియ తెచ్చి ఏం లాభం? ‘విజయవిలాసం’ రాసిన చేమకూర కవి అయితే ఒక్క అక్షరం అటూ ఇటూ జరిపి మూడు అర్థాలూ లాగేవాడు.

గసడదవ:
చేమకూర పేరెత్తారు కాబట్టి చెప్తున్నా. ఆయన శ్లేష మాట్లాడుకునే తెలుగులోంచే పుడుతుంది, ప్రభవ పరాభవాల్లోంచి కాదు. సంస్కృత శ్లేషల వసుచరిత్రతో పోల్చి విజయవిలాసాన్ని ‘పిల్ల వసుచరిత్ర’ అన్నవాళ్ళ మీద నాకు కోపం అందుకే. తాపీ ధర్మారావు గారి వ్యాఖ్య ఇంట్లో ఉన్నవాళ్ళు మళ్ళీ తిరగెయ్యండి. సరే, నా పాఠం: ‘ఒకరిని ముంచారు, పదిచోట్ల మునిగారు, ఒకచోట తేలారు.’

అరసున్న:
వెనకటి ఇంగ్లీషులో ఓవర్ తగిలించకపోయినా వెల్మ్ అంటే ముంచడమే. ముంచడం తేలడం ఎలా అవుతుంది?

ద్రుతం:
ఇంకో తిరకాసు ఉంది. ఆ ఒక్క గెలుపు ఫిలడెల్ఫియా ఈగిల్స్ మీద, 38-35. మూడు పాయింట్ల తేడా! దానికి ఓవర్ ఏమిటి? ఆ మరుసటి మ్యాచ్‌లోనే బాల్టిమోర్ కోల్ట్స్ వీళ్ళని 56-0తో ఉతికింది, అదీ ఓవర్ అంటే. లయన్స్‌తో 13-13 టై మాత్రం నిఖార్సయిన వెల్మ్. స్మిత్ పుట్టింది గ్రీన్ బేలోనే. ఊరి మీద మమకారంతో ఓవర్ వేసుంటాడని నా అనుమానం.

గసడదవ:
మమకారమో వెటకారమో గానీ పాపం మెక్లీన్. ఆరు టైటిళ్ళు తెచ్చిన కోచ్ కర్లీ లాంబో 1949 సీజన్‌తో వెళ్ళిపోయాక రాన్‌జానీ, బ్లాక్‌బర్న్, ఈయన, ముగ్గురిలో ఎవరి హయాంలోనూ ఒక్క సీజన్‌లో కూడా గెలుపులు ఓటముల్ని దాటలేదు. అలాగని జట్టులో సరుకు లేక కాదు. స్టార్, హోర్నంగ్, జిమ్ టేలర్, నిచ్కీ, ఫారెస్ట్ గ్రెగ్ అందరూ 1958లో ఉన్నవాళ్ళే. మరుసటి ఏడు లొంబార్డీ న్యూయార్క్ జెయింట్స్ నుంచి హెడ్ కోచ్‌గా వచ్చి ఏడు గెలుపులు, ఐదు ఓటములు చేశాడు, 1967 సీజన్ అయ్యేసరికి ఐదు టైటిళ్ళు. తర్వాత స్టార్ తొమ్మిదేళ్ళు, గ్రెగ్ నాలుగేళ్ళు హెడ్ కోచ్‌లుగా చేశారు, ఒక్కటీ రాలేదు. ఆటగాళ్ళుగా ఓవర్, కోచ్‌లుగా వెల్మ్.

బండిర:
గెలుపుల కన్నా ఓటములే ఎక్కువైతే అది వెల్మ్ ఎందుకవుతుంది, అండరే. ఇంకో మాట. లొంబార్డీ మొదటి సూపర్ బౌల్ గెలిచింది 1967 జనవరిలో, అంటే సాక్షాత్తూ పరాభవ నామ సంవత్సరంలో. నేను పరాభవాన్ని ఊరికే పట్టుకోలేదు.

ద్రుతం:
1958 విలంబి అండీ. మాట దాటెయ్యకుండా ముందు ఆ ‘ప్రభవం’ సంగతి చెప్పండి.