బ్రూస్ లీ పల్టీలు కొట్టిన డూప్ ఎవరు?

పాతరీలు:
'ఎంటర్ ద డ్రాగన్' మళ్లీ చూశా. విలన్ అంగరక్షకుడు ఓహారాతో ఫైట్‌లో బ్రూస్ లీ వెనక్కి పల్టీ కొడుతూ గాల్లోనే తన్నుతాడు కదా, అది డూప్ చేశాడని మా తమ్ముడి వాదన. నిజమేనా? అయితే ఎవరాయన, తర్వాత ఏమయ్యాడు?

సెకండ్‌షో:
మీ తమ్ముడే కరెక్ట్. ఆయన యుయెన్ వా. హాంకాంగ్‌లో యు జిమ్‌యుయెన్ అనే గురువు నడిపిన పెకింగ్ ఒపేరా (పాట, నటన, విన్యాసాలు కలిసిన చైనా సంప్రదాయ నాటకం) బడిలో పెరిగాడు. తర్వాత హాంకాంగ్ యాక్షన్ హీరోలైన సామో హంగ్, జాకీ చాన్, యుయెన్ బియావో కూడా ఆ బడి పిల్లలే. గురువు పేరు చివరి 'యుయెన్'ని శిష్యులు తమ స్టేజీ పేర్లకు ముందు తగిలించుకునేవాళ్లు. పల్టీలు, చేతుల మీద నిలబడటం వాళ్లకు ఓనమాలు. లీకి కొట్లాట కొట్టిన పిండే గానీ ఈ గాల్లో విన్యాసాలకు వా ఉండాల్సిందే. 'ఫిస్ట్ ఆఫ్ ఫ్యూరీ' (1972)కి కూడా ఆయనే డూప్.

అన్నట్టు, 'ఎంటర్ ద డ్రాగన్' మొదటి ఫైట్‌లో లీ చేతిలో ఓడిపోయే బొద్దు మనిషి సామో. కింద గుహలో జుట్టు పట్టి మెడ విరిపించుకునేది జాకీ చాన్!

నేలటికెట్:
డూప్ అని తెలిశాక మజా పోయింది బాబూ.

సెకండ్‌షో:
ఎందుకు పోవాలి? ఆ ఫైట్‌లో చేతుల వేగం లీ సొంతం, దానికి డూప్ దొరకడు. నాకు బాధల్లా, వా ముఖం జనానికి తెలియడానికి అన్నేళ్లు పట్టిందే అని.

1973లో లీ చనిపోయాక కూడా చాలాకాలం ఫైటర్‌గానే నెట్టుకొచ్చాడు. సామో సినిమాలతో విలన్‌గా దశ తిరిగింది. 'ఈస్టర్న్ కాండోర్స్' (1987)లో వియత్నాం జనరల్ ఆయనే. చేతిలో విసనకర్ర, ఇకఇక నవ్వు. చూడటానికి బక్కపలచని గుమాస్తాలా ఉంటాడు, కాలు లేపాడంటే మాత్రం అవతలివాడు గోడకి అతుక్కోవాల్సిందే. మరుసటి ఏడాది 'డ్రాగన్స్ ఫరెవర్'లో చుట్ట కాల్చే విలన్.

పాతరీలు:
ఆగండాగండి, 'కుంగ్ ఫూ హసిల్'లో పెళ్లాం చేత తన్నులు తినే ఇంటి ఓనర్ ఈయనేనా?

సెకండ్‌షో:
ఆయనే! 2004లో వచ్చింది, అప్పటికి యాభై దాటాయి. రోప్‌లు, గ్రాఫిక్స్ బోలెడు ఉన్నాయిలెండి, కానీ ఒళ్లు రబ్బరులా వంచి దెబ్బ తప్పించుకునే ఆ తీరు గ్రాఫిక్స్‌తో రాదు. దానికే హాంకాంగ్ ఫిల్మ్ అవార్డుల్లో ఉత్తమ సహాయ నటుడయ్యాడు. గయ్యాళి భార్యగా చేసిన యుయెన్ చియూ కూడా ఆ గురువు శిష్యురాలే. 1974 జేమ్స్ బాండ్ సినిమాలో స్కూల్ డ్రెస్‌లో రౌడీల్ని చితక్కొట్టే అమ్మాయిల్లో ఒకరు ఆవిడే, మీ తమ్ముడికి తెలుసేమో అడగండి.