ఆమ్లోడిపిన్ అంటే ఆమ్లానికి వేసుకునే మాత్ర కాదు: బీపీ మందుల పేర్ల మీద చర్చ

కావలి కాలువగట్టు

అందరికీ నమస్కారం. మా నాన్నగారు తెలుగు పండితులుగా పనిచేసి పదవీ విరమణ చేసి, ఇప్పుడు కందుకూరు దగ్గర మా ఊళ్లో ఉంటున్నారు. రెండు నెలల క్రితం ఆయనను నెల్లూరు పొగతోటలో ఒక డాక్టరుగారికి చూపించాను. బీపీకి ఒక మాత్ర, కడుపులో మంటకు ఒక మాత్ర రాశారు. నాన్నగారికి ఇంగ్లీషు అక్షరాలు సరిగా కనపడవని మందుల షాపులోని అబ్బాయి రెండు కవర్ల మీద బాల్ పెన్నుతో తెలుగులో పేర్లు రాసి ఇచ్చాడు. ఒకదాని మీద 'ఆమ్లోడిపిన్ 5, ఉ 1' అని, రెండోదాని మీద 'పాంటోప్రజోల్ 40, ఉ 1 పరగడుపున' అని ఉన్నాయి.

ఆ అబ్బాయి మంచికే రాశాడు కానీ, 'అమ్లో' అని ఉండాల్సిన చోట దీర్ఘం పెట్టి 'ఆమ్లో' అని రాయడంతో మా పండితులవారు ఆ పదాన్ని విడదీసి, ఇది ఆమ్లానికి సంబంధించిన మందు అని నిర్ణయించారు. ఇక మిగిలింది బీపీ బిళ్ళ అయి ఉండాలి కదా. ఆ ప్రకారం రెండు నెలలపాటు పాంటోప్రజోల్‌ను బీపీ బిళ్ళ అనుకుని ఒక్క రోజు తప్పకుండా వేసుకున్నారు. అమ్లోడిపిన్‌ను మాత్రం చేపల పులుసు తిని గుండెల్లో మంట పుట్టిన రాత్రి మాత్రమే వేసుకున్నారు. పోయిన వారం ఊళ్లో ఆరోగ్య కార్యకర్త చూస్తే బీపీ 174/100 ఉంది. కవర్లు తెరిచి మాత్రలు లెక్కపెడితే అసలు సంగతి బయటపడింది.

నా ప్రశ్న ఏమిటంటే, ఈ పేరుకు నిజంగా ఏదైనా అర్థం ఉన్నదా, లేక నోటికి వచ్చిన అక్షరాలు కూర్చి పెట్టినదా? మీ ఇళ్లలో పెద్దవాళ్లకు ఈ పేర్లు ఎలా గుర్తు చేస్తున్నారో కూడా చెప్పగలరు.

పొదిలి ఫార్మసిస్టు

కావలి వారికి నమస్కారం. ముందుగా ఒక మాట: మీ నాన్నగారి పద్ధతి తప్పు కాదు, విడదీసిన చోటే తప్పింది. మనకు ఇంటిపేరు ముందు వస్తుంది, సొంత పేరు తరువాత వస్తుంది; మందులకు ఇది తలకిందులుగా ఉంటుంది, ఇంటిపేరు చివర ఉంటుంది. అమ్లోడిపిన్‌లో 'అమ్లో' అనేది ఆ ఒక్క మందును తోబుట్టువుల నుంచి వేరు చేయడానికి పెట్టిన ముక్క, దానికీ మన ఆమ్లానికీ ఏ చుట్టరికమూ లేదు. 'డిపిన్' అనేది ఇంటిపేరు. నిఫెడిపిన్, సిల్నిడిపిన్, ఫెలోడిపిన్ అన్నీ ఆ ఇంటివే. డైహైడ్రోపిరిడిన్ అనే రసాయన నిర్మాణం గల మందులకు ఈ తోక తగిలిస్తారు.

ఈ ఏర్పాటు ఏ ఒక్క కంపెనీదీ కాదు. ఒకే మందును ఒక్కో దేశంలో ఒక్కో పేరుతో పిలిస్తే ప్రమాదమని ప్రపంచ ఆరోగ్య సంస్థ 1950లో ఒక తీర్మానం చేసి, అందరికీ ఉమ్మడిగా ఉండే పేర్ల తొలి జాబితాను 1953లో ప్రకటించింది. ఆ పద్ధతి ప్రకారం ఒకే తీరున పనిచేసే మందులకు సాధారణంగా ఒకే తోక ఉంటుంది. బీపీ మందుల్లో మనకు రోజూ తగిలేవి నాలుగైదు ఇళ్లే: టెల్మిసార్టన్, లోసార్టన్ వంటి 'సార్టన్' ఇల్లు, ఎనలాప్రిల్, రామిప్రిల్ వంటి 'ప్రిల్' ఇల్లు, అటెనొలాల్, మెటోప్రొలాల్ వంటి 'ఒలాల్' ఇల్లు, హైడ్రోక్లోరోథయజైడ్ వంటి, మూత్రాన్ని ఎక్కువ చేసే 'థయజైడ్' ఇల్లు, ఇక మన 'డిపిన్'. ప్రిల్ ఇంటి పెద్ద కాప్టోప్రిల్ 1981లో అమెరికాలో అనుమతి పొందింది, దానికి దారి చూపింది బ్రెజిల్ దేశపు జరారకా అనే పాము విషం. విషయం కాస్త పక్కకు పోయింది, మన్నించాలి.

అమ్లోడిపిన్ చేసే పని ఇది. రక్తనాళం గోడలో సన్నని కండరం ఉంటుంది, అది బిగుసుకోవాలంటే కాల్షియం లోపలికి వెళ్లాలి. ఆ ద్వారాన్ని ఈ మందు అడ్డుకోవడంతో కండరం వదులై, నాళం వెడల్పై, పీడనం తగ్గుతుంది. అన్నిటికన్నా ముఖ్యమైనది, ఇది నిదానంగా పనిచేసే మందు. మాత్ర వేసుకున్న 6 నుంచి 12 గంటలకు గానీ రక్తంలో దాని మోతాదు శిఖరానికి చేరదు. సగం ఖర్చు కావడానికి 30 నుంచి 50 గంటలు పడుతుంది. రోజూ వేసుకుంటే వారం రోజులకు నిలకడ వస్తుంది. కనుక మీ నాన్నగారు వారానికి ఒకటో రెండో వేసుకున్నప్పుడు ఆ మందుకు ఒంట్లో కుదురుకునే అవకాశమే దొరకలేదు. అన్నానికి ముందా, తరువాతా అన్న పట్టింపు దీనికి లేదు, రోజూ ఒకే వేళకు వేసుకోవడమే కావాలి.

ఒంగోలు కోడలు

మా అత్తయ్యగారి అనుభవం చెబుతాను. ఆవిడకు అమ్లోడిపిన్ 5 సరిపోవడం లేదని 10కి పెంచిన మూడో వారానికి కాళ్ల కడియాలు చర్మంలోకి దిగబడ్డాయి. వేలితో నొక్కితే చీలమండ దగ్గర గుంట పడి, కాసేపటికి గానీ పూడేది కాదు. కిడ్నీలు పాడయ్యాయని ఇంటిల్లిపాదీ భయపడి పరీక్షలు చేయిస్తే అన్నీ సవ్యంగానే ఉన్నాయి. తెలిసినవారు ఎవరో చెప్పారని నీరు తీసే మాత్ర నాలుగు రోజులు వేసుకున్నారు, మూత్రానికి తిరగడం ఎక్కువైంది తప్ప వాపు కదలలేదు. చివరికి డాక్టరుగారు అమ్లోడిపిన్‌ను మళ్లీ 5కి దించి టెల్మిసార్టన్ 40 కలిపితే పది పదిహేను రోజుల్లో కడియాలు ఎప్పటిలా తిరిగాయి. నీటి మాత్రకు లొంగని వాపు దానికెలా లొంగిందో ఇప్పటికీ నాకు అర్థం కాలేదు.

పొదిలి ఫార్మసిస్టు

అమ్మా, ఒంట్లో నీరు ఎక్కువై వచ్చిన వాపు కాదది. డిపిన్ మందులు రక్తం తెచ్చే సన్నని నాళాలను వెడల్పు చేస్తాయి కానీ, తీసుకుపోయే సిరలను అంతగా చేయవు. వచ్చే కాలువ తూము ఎత్తి, పోయే తూము అలాగే వదిలేస్తే మడిలో ఏం జరుగుతుందో అదే చీలమండలో జరుగుతుంది. సార్టన్ గానీ ప్రిల్ గానీ తోడైతే ఆ సిరలు కూడా కొంత తెరుచుకుంటాయి, అందుకే వాపు దిగింది. మోతాదు పెరిగేకొద్దీ ఈ వాపు ఎక్కువ. అయితే వాపు కొత్తగా కనపడినప్పుడు గుండెనూ కిడ్నీనీ చూపించుకోవడం మాత్రం సరైన పనే, మీరు అనవసరంగా భయపడలేదు.

ఆత్మకూరు రైతు

నాది 'ప్రిల్' కథ. ఎనలాప్రిల్ మొదలుపెట్టిన నెలకు పొడి దగ్గు పట్టుకుంది. కళ్లె పరీక్ష చేయించాను, ఎక్స్‌రే తీయించాను, మూడు రకాల సిరప్పులు తాగాను. అన్నిటికీ వడ్ల దుమ్మునే తప్పుపట్టాం. బీపీ చీటీ చూసిన వేరే డాక్టరుగారు ఒక్క నిమిషంలో దగ్గుకు కారణం ఈ మందేనని చెప్పి సార్టన్‌కు మార్చారు. మూడు వారాల్లో దగ్గు పోయింది. ఈ తోకల సంగతి ఆనాడే తెలిసి ఉంటే ఆ సిరప్పుల డబ్బులు మిగిలేవి.

కనిగిరి పంతులు

కంపెనీ పేరుకూ మందు పేరుకూ తేడా తెలియక మా ఇంట్లో జరిగింది వినండి. మా అన్నయ్యకు ఇక్కడ ఒక డాక్టరుగారు ఒక కంపెనీ మాత్ర రాశారు. హైదరాబాదులో కొడుకు దగ్గరికి వెళ్లినప్పుడు అక్కడి డాక్టరుగారు మరో కంపెనీ మాత్ర రాశారు. పేర్లు వేరు, రంగులు వేరు, అందువల్ల రెండూ వేరువేరు మందులని అనుకుని పొద్దున ఒకటి, రాత్రి ఒకటి వేసుకున్నాడు. ఒకరోజు తెల్లవారుజామున మంచం మీది నుంచి లేచి నిలబడగానే కళ్లు తిరిగి గడప మీద పడ్డాడు. ఆ రోజు బీపీ 92/58. రెండు అట్టల వెనుక సన్న అక్షరాలను ఫోనుతో ఫొటో తీసి పెద్దవి చేసి చదివితే రెండింటి మీదా టెల్మిసార్టన్ ఐపీ అనే ఉంది. 'ఐపీ' అంటే భారత ఔషధ ప్రమాణ గ్రంథం ప్రకారం తయారైనదని అర్థమని ఆ తరువాత తెలుసుకున్నాను. అది ఉన్న చోట దాని ముందున్నదే అసలు పేరు.

మరొక సంగతి మా ప్రాంతం వాళ్ల కోసం చెప్పాలి. మా వైపు నీళ్లలో ఫ్లోరైడ్ వల్ల కీళ్ల నొప్పులు లేని ఇల్లు అరుదు, నొప్పి బిళ్ళ లేని ఇల్లు అంతకన్నా అరుదు. డైక్లోఫెనాక్, ఎసిక్లోఫెనాక్ అని చివర 'ఫెనాక్' ఉన్నవి బీపీని పెంచుతాయనీ, సార్టన్, ప్రిల్, నీటి మాత్రలు వేసుకునేవారిలో కిడ్నీలను దెబ్బతీయవచ్చుననీ అన్నయ్యను చూసిన డాక్టరుగారు గట్టిగా హెచ్చరించారు. బీపీ బిళ్ళ పేరు గుర్తుపెట్టుకున్నంత శ్రద్ధగా ఈ ఫెనాక్‌నూ గుర్తుపెట్టుకోవాలని నా అభిప్రాయం.

గూడూరు ప్రయాణికుడు

మా నాన్నగారు షుగరుకు మెట్‌ఫార్మిన్, బీపీకి మెటోప్రొలాల్ వాడతారు. ఇంట్లో రెండింటినీ 'మెట్ బిళ్ళ' అనేవాళ్లం. ఏమైందో మీరే ఊహించుకోవచ్చు. ఇప్పుడు 'ఫార్మిన్', 'ఒలాల్' అని తోకలతోనే పిలుస్తున్నాం.

ఉదయగిరి కొండగాలి

అందరూ ఏమీ అనుకోకపోతే ఒక మాట. పేర్లు చదవడం వచ్చింది గదా అని జనం షాపుకు వెళ్లి 'ఒక డిపిన్ ఇవ్వండి, ఒక సార్టన్ ఇవ్వండి' అని అడగడం మొదలుపెడితే ఎవరు బాధ్యులు? చీటీలో పెద్ద అక్షరాలతో స్పష్టంగా రాయడం డాక్టర్ల పని. ఆ పనిని రోగి నెత్తిన పెట్టడం నాకు నచ్చలేదు.

పొదిలి ఫార్మసిస్టు

ఉదయగిరి వారి మాటలో సగం ఒప్పుకుంటాను. తోక చూస్తే ఏ ఇంటి మందో తెలుస్తుంది గానీ, అది మనకు పనికి వస్తుందో లేదో తెలియదు. సార్టన్, ప్రిల్ రెండూ గర్భిణులకు ఇవ్వకూడనివి. అవి వాడేవారు కిడ్నీల పనితీరు తెలిపే క్రియాటినిన్, దానితోపాటు పొటాషియం పరీక్షలు చేయించుకుంటూ ఉండాలి. ఒలాల్‌ను ఉన్నట్టుండి మానేయకూడదు, ఉబ్బసం ఉన్నవారికి జాగ్రత్తగా ఇవ్వాలి. ఇవేవీ పేరులో రాసి ఉండవు. కానీ మిగతా సగం ఒప్పుకోలేను. చీటీ ఎంత అందంగా రాసినా, ఇంటికి వెళ్లాక అట్ట చేతిలో ఉండేది రోగికే.

కావలి కాలువగట్టు

అట్ట మాట వచ్చింది కనుక ఒక సందేహం. నాన్నగారి దగ్గర ఉన్నది కత్తెరతో కత్తిరించిన ముక్క, ఆరు మాత్రలది. దాని మీద పేరు ముందు భాగం పోయి 'డిపిన్' అన్నదీ, దాని పక్కన 'బెసిలేట్' అన్నదీ మిగిలాయి. ఈ బెసిలేట్ మరో మందా?

పొదిలి ఫార్మసిస్టు

మరో మందు కాదు. మాత్రగా నిలవ ఉండటానికి అమ్లోడిపిన్‌ను బెంజీన్ సల్ఫోనిక్ ఆమ్లంతో కలిపి లవణంగా చేస్తారు, ఆ లవణం పేరే బెసిలేట్. మీ నాన్నగారు వెతికిన ఆమ్లం చివరికి ఇక్కడ దొరికింది, కానీ దానికి కడుపు మంటతో సంబంధం లేదు. 5 మిల్లీగ్రాముల అమ్లోడిపిన్ ఉండాలంటే బెసిలేట్ రూపంలో సుమారు 6.9 మిల్లీగ్రాములు వేయాలి. అట్ట మీద 5 అని లెక్కగట్టేది అమ్లోడిపిన్‌నే.

మీ చేతిలో మిగిలిన ముక్కలో ఇంటిపేరైనా దక్కింది కనుక మీరు అదృష్టవంతులే. చాలా ముక్కల మీద మోతాదూ, గడువు తేదీ రెండూ కత్తెరకు పోతాయి. బీపీ మందు ఎలాగూ నెల నెలా కావాలి, పూర్తి అట్టనే తీసుకోండి. టెల్మిసార్టన్ వాడేవారికి ఇంకొక హెచ్చరిక: అది గాలిలోని తేమను పీల్చుకునే మందు. వారం మాత్రలన్నీ అట్టలోంచి తీసి గదుల పెట్టెలో సర్దడం దానికి పనికిరాదు, వేసుకునేటప్పుడే చింపాలి. సముద్రం పక్కన ఉండే కావలి, రామాయపట్నం వైపు వారికి ఇది మరీ వర్తిస్తుంది.

కావలి ఏఎన్ఎం

మా దగ్గర బీపీ కార్డు మీద కంపెనీ పేరు రాయము, మందు పేరూ మోతాదూ మాత్రమే రాస్తాము. చదువు రాని పెద్దవాళ్లకు నేను అట్ట మీద స్కెచ్ పెన్నుతో సూర్యుడి బొమ్మ వేసి, పక్కన గుండె బొమ్మ వేస్తాను. కడుపు మాత్రకు అన్నం గిన్నె బొమ్మ.

కావలి కాలువగట్టు

అందరికీ కృతజ్ఞతలు. డాక్టరుగారితో ఫోనులో మాట్లాడాను, జరిగినది విని ఆయన నవ్వలేదు. మోతాదు పెంచకుండా అదే 5ను రోజూ క్రమంగా వేయించి రెండు వారాల తరువాత చూపించమన్నారు. ఇవాళ్టికి పన్నెండో రోజు. ఈ ఉదయం 142/86 ఉంది. నాన్నగారు చందమామ బొమ్మల నోటుపుస్తకంలో గీతలు గీసి, ఎడమ పక్క సొంత పేరు, కుడి పక్క ఇంటిపేరు రాసుకుంటూ చుట్టుపక్కల ఇళ్ల నుంచి అట్టలు తెప్పించి మరీ నింపుతున్నారు. పాంటోప్రజోల్‌ను రెండు నెలలు బీపీ బిళ్ళగా గౌరవించినందుకు దాని ఇంటిపేరు కూడా చెప్పి తీరాలని పట్టుబట్టారు. 'ప్రజోల్' అంటే ఏమిటండీ?

పొదిలి ఫార్మసిస్టు

కడుపులో ఆమ్లం ఊరకుండా ఆపే మందుల ఇంటిపేరు అది: ఒమెప్రజోల్, రాబెప్రజోల్, పాంటోప్రజోల్. పండితులవారికి నా నమస్కారాలు చెప్పి, అరిపిప్రజోల్ అనే పేరు కనపడితే ఆ గడిలో రాయవద్దని చెప్పండి. అది మానసిక రోగాలకు వాడే మందు, దాని ఇంటిపేరు ప్రజోల్ కాదు, 'పిప్రజోల్'. ఆ ఒక్క 'పి' దగ్గర మేమూ చదువుకునే రోజుల్లో తడబడ్డాము.