వింత కాలపు బురుజు: కథకుడు కారణం చెప్పి తీరాలా?

మసకవెన్నెల:
నేను రాస్తున్న కథలో నిర్జనమైన మైదానం నడుమ ఒక పాడుబడిన బురుజు ఉంటుంది. దాని పైగదిలో ఒక గంట కూర్చుని దిగివచ్చేసరికి బయట ఒక సంవత్సరం గడిచిపోయి ఉంటుంది. వెయ్యేళ్లుగా ఆ గది తీరు అంతేనని కథలో అందరికీ తెలుసు గానీ, ఎందుకలా జరుగుతుందో ఎవరికీ తెలియదు. నేనూ చెప్పదలచుకోలేదు. చిత్తుప్రతి చదివిన ఒకరు కారణం దాచడం పాఠకుణ్ణి మోసగించడమేనన్నారు. మరొకరు కారణం చెబితే బురుజు కాస్తా యంత్రమైపోతుందన్నారు. ఇక్కడివారి అభిప్రాయం కోరుతున్నాను.

ఘటికాయంత్రం:
చెప్పి తీరాలి. కాలం ఒక్కోచోట ఒక్కోలా నడవడం ఊహ కాదు, కొలిచి చూసిన సంగతి. 1960లో పౌండ్, రెబ్కా అనే శాస్త్రవేత్తలు హార్వర్డ్ విశ్వవిద్యాలయంలో సుమారు 22.5 మీటర్ల ఎత్తు తేడాకే గామా కిరణాల పౌనఃపున్యం (సెకనుకు ఎన్ని కంపనాలన్నది) మారడాన్ని, అంటే కాలం నడకలోని తేడాను, పట్టుకున్నారు. 2010 నాటికి అణు గడియారాలు ఎంత సునిశితమయ్యాయంటే, ఒకదానిని 33 సెంటీమీటర్లు పైకి ఎత్తినా అది వేగం పుంజుకోవడం తెలిసిపోయింది.

మీ బురుజుకు చిక్కు ఇక్కడే వస్తుంది. భూమికి దగ్గరైనకొద్దీ కాలం నెమ్మదిస్తుంది కాబట్టి, పైగదిలో కూర్చున్నవాడు కిందివాళ్లకంటే లేశమాత్రమైనా ఎక్కువ వయసు మీరాలి గాని తగ్గకూడదు. అంతకంటే పెద్ద చిక్కు ఇంకొకటుంది. సాపేక్షతా సిద్ధాంతం ప్రకారం కాలం నెమ్మదిగా నడిచే వైపుకే వస్తువులు పడతాయి. పైగదిలో కాలం నెమ్మదిస్తే చేతిలోంచి జారిన రాయి పైకే పోవాలి. గంటకు సంవత్సరమన్నంత తేడా కొద్ది మీటర్లలోనే ఉంటే ఆ లాగుడు భూమ్యాకర్షణకు కోట్ల కోట్ల రెట్లుంటుంది, ఇక ఎక్కేవాడికి మెట్లతో పనే లేదు. బురుజును దిగుడుబావిగా మారిస్తే కనీసం దిశైనా కుదురుతుంది.

రేగడి:
ఘటికాయంత్రం గారి లెక్క సరైనదే కావచ్చు గానీ, అది అడిగిన ప్రశ్నకు జవాబు కాదు. భాగవతం నవమ స్కంధంలో కకుద్మి అనే రాజు తన కూతురు రేవతికి తగిన వరుడెవరో అడగడానికి ఆమెను వెంటబెట్టుకుని బ్రహ్మలోకానికి వెళతాడు. అక్కడ గానం సాగుతుంటే కాసేపు ఆగి, ముగిశాక అడుగుతాడు. బ్రహ్మ నవ్వి, నీవు మనసులో పెట్టుకున్నవారే కాదు, వారి కొడుకులూ మనుమలూ గోత్రాలూ కూడా లేకుండా పోయాయి, ఇరవై ఏడు మహాయుగాలు గడిచాయి అంటాడు. అంటే 11 కోట్ల 66 లక్షల ఏళ్లకు పైమాట. అక్కడ కాలం ఎందుకలా నడిచిందని ఏ శ్రోతా నిలదీయలేదు. ఆ తండ్రి ముఖం తలచుకుంటే చాలు, ఇక కారణం దేనికి?

ఏటిగట్టు:
రేగడి గారు తెచ్చిన కథే రేగడి గారి వాదానికి సగం అడ్డం తిరుగుతుంది. అందులో కారణం లేదన్నది నిజమే, పర్యవసానం మాత్రం ఉంది. విష్ణుపురాణంలో ఇదే కథ ఇంకొంచెం ముందుకు పోతుంది: యుగాలు గడిచేకొద్దీ మనుషులు పొట్టివాళ్లయ్యారు, పాతకాలపు రేవతి మాత్రం అదే ఎత్తున దిగివచ్చింది, అందుకని బలరాముడు నాగలి కొనతో ఆమెను తన కాలపు స్త్రీల ఎత్తుకు తగ్గించాడు. కాలం తేడాను ఒప్పుకున్న కథకుడు, దానివల్ల పెళ్లికూతురి ఎత్తు ఏమవుతుందో కూడా ఆలోచించాడన్నమాట. మసకవెన్నెల గారి నుంచి నేను కోరేది ఆ శ్రద్ధే. భౌతికశాస్త్రం పాఠం అక్కరలేదు.

మీ పైగదినే తీసుకోండి. బయట వెయ్యేళ్లు గడిస్తే లోపల గడిచింది వెయ్యి గంటలు, అంటే నలభై రెండు రోజులకు లోపే. నెలల తరబడి గట్టిపడే సున్నపు గార అక్కడ ఇంకా పచ్చిగానే ఉండాలి. తాపీవాడి వేలిముద్ర పడితే చెక్కుచెదరక కనబడాలి. మీరేమో ఆ గదికి సాలెగూళ్లు, పెచ్చులూడిన గోడలు పెట్టి ఉంటారని నా అనుమానం (ఇలాంటి గదులకు అందరూ అవే పెడతారు). బయటి గోడ ఎండకూ వానకూ శిథిలం కావచ్చు, లోపలి గది నిన్న మొన్న కట్టినట్టుండాలి. కిటికీ ఉంటే మరీ కష్టం: కూర్చున్నవాడికి పది సెకన్లకొకసారి తెల్లవారుతుంది, కాబట్టి సంవత్సరం గడిచిందన్న సంగతి దిగాకగానీ తెలియలేదంటే ఎవరూ నమ్మరు.

ఘటికాయంత్రం:
పర్యవసానాలన్నారంటే దొడ్డిదారిన భౌతికశాస్త్రాన్ని పిలిచినట్టే. కిటికీలోంచి పగళ్లు వస్తే, ఏడాది ఎండంతా గంటలో లోపలికి రావాలి. ఆ కాంతి తరంగాలు దాదాపు 8,766 రెట్లు (ఏడాదిలో ఎన్ని గంటలో అన్ని రెట్లు) కుదించుకుపోయి ఎక్స్ కిరణాలవుతాయి. కూర్చున్నవాడు బతకడు. తెల్లవారడం లెక్కకు వచ్చి ఇది రాకపోవడానికి హద్దు ఎవరు గీస్తారు?

ఏటిగట్టు:
కథలోని మనిషి గీస్తాడు. అతడి కంటికి తగిలేది, చేతికి అంటేది తప్పకూడదు. పచ్చి గార చేతికి అంటుతుంది, తరంగదైర్ఘ్యం అంటదు. మీకు ఎక్స్ కిరణాలు అంతగా పట్టి ఉంటే కిటికీ లేని గది కట్టమనండి, ఇద్దరి బాధా తీరుతుంది.

మసకవెన్నెల:
సాలెగూళ్ల విషయంలో ఏటిగట్టు గారి అనుమానం నిజమే, వాటిని తీసేస్తున్నాను. కిటికీ కూడా ఉండదు. దిగుడుబావి మాత్రం వద్దు, ఎక్కి వెళ్లడమే నా కథకు కావాలి. కారణం చెప్పను.

రేగడి:
ఒక్క సందేహం. తలుపు తీయగానే గార పచ్చిగా కనిపిస్తే పాఠకుడు అక్కడే సంగతి పసిగడతాడు, కథానాయకుడు మాత్రం గంటసేపు ఏమీ ఎరగనట్టు కూర్చోవాలి. గది వింతదని ఊరందరికీ తెలుసని మీరే అన్నారు. మరి తెలిసి తెలిసి అతడు పైకి ఎందుకు ఎక్కినట్టు? బురుజు కారణం మానేసినా, ఇది మాత్రం మీరు చెప్పాల్సిందే.