అప్‌డేట్: 'అమేజింగ్ గ్రేస్' బాణీ ఎవరిది?

'అమేజింగ్ గ్రేస్' అనే ఇంగ్లిష్ క్రైస్తవ కీర్తన రాసిన జాన్ న్యూటనే దానికి బాణీ కూడా కట్టాడా అని ఇక్కడ అడిగాను కదా, జవాబు దొరికింది. కట్టలేదు. ఇంగ్లండ్‌లోని ఓల్నీలో పాస్టర్‌గా ఉన్నప్పుడు, 1773 జనవరి 1 ఆరాధన కోసం న్యూటన్ ఈ పాట రాశాడంటారు. 1779లో అచ్చయింది, అదీ స్వరాలు లేకుండా మాటలు మాత్రమే.

ఇప్పుడు అందరూ పాడే బాణీ పేరు 'న్యూ బ్రిటన్'. అది ఎవరు కట్టిందో తెలియదు. అమెరికాలో విలియం వాకర్ 1835లో 'సదరన్ హార్మనీ' పుస్తకంలో దాన్ని ఈ మాటలకు జతచేశాడు. న్యూటన్ 1807లోనే పోయాడు, అంటే ఈ జోడీని ఆయన విననే లేదు! బాణీలో ఉన్నవి ఐదే స్వరాలు: స రి గ ప ద. మన మోహన రాగం స్వరాలే, అందుకే మన చెవికి అంత తేలిగ్గా పట్టేస్తుందేమో.

1748లో సముద్రం మీద తుఫానులో చిక్కుకుని మారుమనసు పొందగానే న్యూటన్ బానిసల వ్యాపారం వదిలేశాడని ప్రసంగాల్లో చెప్తుంటారు. నిజానికి 1754 దాకా బానిసలను తరలించే ఓడల మీదే ఉన్నాడు. ఆ వ్యాపారాన్ని ఖండిస్తూ కరపత్రం రాసింది 1788లో. అన్నట్టు, 'పదివేల ఏళ్లు' అంటూ వచ్చే చివరి చరణం కూడా ఆయనది కాదు.