కాప్లర్‌ను జైలుకెళ్లి పలకరించడం సబబేనా?

రేవుగాలి: 1943 సెప్టెంబరులో జర్మన్లు రోమ్‌ను ఆక్రమించాక, వాటికన్‌లో పనిచేసే ఐరిష్ ఫాదర్ హ్యూ ఓఫ్లాహెర్టీ యూదుల్నీ, క్యాంపుల నుంచి తప్పించుకున్న మిత్రపక్ష సైనికుల్నీ ఇళ్లల్లో, మఠాల్లో దాచాడు. ఆయన్ను పట్టుకోవడానికి మాటు వేసింది ఎస్‌ఎస్ అనే నాజీ దళం అధికారి హెర్బర్ట్ కాప్లర్. యుద్ధమయ్యాక కాప్లర్‌కి యావజ్జీవం పడింది. ఏళ్ల తరబడి జైలుకెళ్లి అతన్ని పలకరించింది మళ్లీ ఈ ఫాదరే! 1959లో కాప్లర్ జ్ఞానస్నానం కూడా పుచ్చుకున్నాడు. నాకైతే మింగుడుపడలేదు. మీరేమంటారు?

తాటిముంజె: ఆయన తీరే అంత. బ్రిటిష్ వాళ్లంటే పడని ఐరిష్‌వాడు, అయినా బ్రిటిష్ సైనికులకు తిండీ నీడా చూశాడు. ఆయన రోమ్‌లోని డోరియా పాంఫిలి ప్యాలెస్‌లో ఉండగా జర్మన్లు దాని మీద దాడి చేసినప్పుడు ఎలా జారుకున్నాడో తెలుసుగా? సరిగ్గా అప్పుడే బొగ్గు లోడు దిగుతోంది. నేలమాళిగలోకి దిగి, ఒళ్లంతా మసి పూసుకుని, భుజాన బస్తాతో కూలివాడిలా సైనికుల ముందు నుంచే నడిచెళ్లిపోయాడు. అంత తెగువున్నవాడికి జైలు గుమ్మం ఓ లెక్కా?

రేవుగాలి: తెగువ సంగతి కాదండీ నేనడిగేది. రోమ్ యూదుల్ని 36 గంటల్లో 50 కిలోల బంగారం తెమ్మన్నది ఈ కాప్లరే. వాళ్లు ఉంగరాలూ గొలుసులూ పోగేసి తూకం వేయించి ఇచ్చారు. అయినా అక్టోబరు 16న వెయ్యిమందికి పైగా పట్టుకెళ్లి నాజీల మృత్యుశిబిరం ఆష్‌విట్జ్‌కి పంపారు. 1944 మార్చి 24న రోమ్ శివారులోని ఆర్దియాటైన్ గుహల్లో 335 మందిని కాల్చి చంపించాడు. వాళ్లలో పియెత్రో పప్పగల్లో అనే ఫాదరూ ఉన్నాడు. జనాన్ని కాపాడటమే ఆయన చేసిన నేరం. తోటి ఫాదర్‌ని చంపినవాడితో కబుర్లేమిటి?

పాతసంచిక: పలకరిస్తే క్షమించినట్టేనా? ఆ పలకరింపుల వల్ల శిక్షేమీ రద్దవలేదు. ఫాదర్ 1963లో పోయాడు. కాప్లర్ 1977లో ఆసుపత్రి నుంచి పారిపోయేదాకా ఖైదీగానే ఉన్నాడు. ఖైదీ రమ్మంటే వెళ్లడం ఫాదర్ల డ్యూటీ.

రేవుగాలి: డ్యూటీ అయితే జైలుకంటూ వేరే ఫాదర్లు ఉంటారు కదా. ఈయనే ఎందుకెళ్లాలి?

తాటిముంజె: ఈయన వెళ్తేనే కాప్లర్‌కి తను ఎవర్ని వేటాడాడో కళ్లెదుట కనిపిస్తుంది. వేరే ఫాదర్‌కి నాలుగు అబద్ధాలు చెప్పి తప్పించుకోవచ్చు.

రేవుగాలి: ఈ మాటకు కొంచెం ఆగాల్సిందే. కానీ ఆ 335 మంది ఇళ్లవాళ్లు ఇది విని ఏమనుకుని ఉంటారు?